‘టల్లడేగా నైట్స్’లో నిజంగా లోతుందా, లేక మనమే తవ్వుతున్నామా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇదీ. హాస్టల్లో స్నేహితులతో కలిసి ‘టల్లడేగా నైట్స్’ అనే అమెరికా కార్ల పందెం కామెడీ చూశారు, పడీపడీ నవ్వారు. తర్వాత ఎవరో ‘అది మామూలు కామెడీ కాదు, అందులో చాలా ఉంది’ అన్నారు. ఒంటికి నిప్పంటుకుందని భ్రమపడి చెడ్డీతో ట్రాకు మీద పరిగెత్తే హీరో, కారులో ఎక్కించిన ప్యూమా, ఇందులో ఉండేదేంటి, జనం ఊరికే అతికిస్తున్నారా అని మీ అనుమానం. ఇంట్లోవాళ్ళతో చూడొచ్చా అని చివర్లో ఇంకో చిన్న ప్రశ్న. దానికి చివర్లోనే చెబుతాను.

ఉందండి. కాకపోతే చాలామంది వేలెత్తి చూపించే చోట లేదు. ‘గెలుపే సర్వస్వం కాదు’ అన్న నీతి కోసమైతే ఇంత సినిమా అక్కర్లేదు, మూడో తరగతి వాచకం చాలు. నాకు కనిపించిన అసలు సంగతి ఇది: వెనకనుంచి నెట్టేవాడు లేకపోతే ముందున్నవాడే లేడు. ముందున్నవాడికి మాత్రం ఆ సంగతి అందరికంటే ఆఖర్న తెలుస్తుంది. తండ్రి కథ, ప్రకటనల గోల, భోజనం ముందు ప్రార్థన, ఫ్రెంచి డ్రైవరు, అన్నీ ఈ కొక్కేనికి తగిలించినవే.

ఇంత ధీమాగా ఎందుకు చెబుతున్నానంటే, పద్దెనిమిదేళ్ళుగా అమలాపురంలో కూర్చుని ఇంగ్లీషు సినిమాలకి తెలుగు డబ్బింగ్ మాటలు, సబ్‌టైటిళ్ళు రాయడమే నా పని. కామెడీలే ఎక్కువ. ఈ సినిమాకి డబ్బుల కోసం రాయలేదు, మేం పదిమంది కలిసి నడుపుకునే ఫిల్మ్ క్లబ్బు కోసం రాశాను. మాటలు రాసేవాడు ఒక్కో డైలాగుని ముప్ఫైసార్లు వింటాడు. ముప్ఫయ్యోసారి కూడా నవ్వొస్తే మంచి జోకన్నమాట. ముప్ఫయ్యోసారి గొంతులో ఏదో అడ్డం పడితే, రాసినవాడు అక్కడ ఇంకేదో పెట్టాడన్నమాట. ఈ సినిమాలో అలాంటివి నాలుగైదు తగిలాయి. 2006లో వచ్చిన ఈ సినిమాని, హీరో వేషం వేసిన విల్ ఫెరల్‌తో కలిసి రాసి, తీసింది ఆడమ్ మెకే. తర్వాత ఆయనే 2008 ఆర్థిక సంక్షోభం మీద సినిమా తీసి, దాని స్క్రీన్‌ప్లేకి ఆస్కార్ పంచుకున్నాడు. కాబట్టి ‘అంత ఆలోచించి ఉండడు లెండి’ అనడానికి లేదు.

ముందు ఆ తండ్రి మాట. మన హీరో రికీ బాబీకి పదేళ్ళు. అమ్మానాన్నలు బడికొచ్చి తాము చేసే పని గురించి పిల్లలకి చెప్పే రోజది. ఎన్నడూ ఇంటి మొహం చూడని తండ్రి రీస్ ఆ రోజు ఊడిపడి, గొడవపెట్టుకుని, బయటికి గెంటించుకుని, పోతూపోతూ కొడుకు మీదికి ఒక మాట విసిరేసి పోతాడు. నేను దాన్ని ‘ఫస్టు రాకపోతే లాస్టొచ్చినట్టే’ అని రాశాను. కొడుకు ఆ మాటని తాయెత్తులా కట్టుకుని బతికేస్తాడు. ఎన్నో ఏళ్ళకి తండ్రి మళ్ళీ కనిపించినప్పుడు గుర్తుచేస్తే, ఆయనకి గుర్తే ఉండదు. ఆ రోజు మత్తులో ఉన్నాన్రా, ఆ మాటకి అర్థమేముంది, రెండోవాడివి కావచ్చు, మూడోవాడివి కావచ్చు, ఆమాటకొస్తే ఐదోవాడివైనా కావచ్చు అంటాడు. ఐదు దగ్గర హాలంతా ఘొల్లుమంటుంది. నా చెయ్యి మాత్రం దాని తర్వాత రికీ మొహం దగ్గర ఆగిపోయింది. ఆ మొహానికి డైలాగు లేకపోయినా ఏదో రాయాలనిపించింది.

టీవీలో ఊపిరి తిప్పుకోకుండా ‘ఒకటి, ఒకటి, ఒకటి, రెండు, రెండు, మూడు’ అని ర్యాంకులు చదివే ప్రకటనల మధ్య పెరిగిన తరం మీది. మీకు దీన్ని విడమరిచి చెప్పక్కర్లేదు. రీస్ ఒక్కడు మత్తులో అన్న మాటని మనం ఊళ్ళకి ఊళ్ళు తెలివిలో ఉండి అంటున్నాం. భీమవరం పక్కన సంక్రాంతి బరుల్లో మాత్రం అది అక్షరాలా నిజమేనండోయ్, ఫస్టు రాని పుంజు సాయంత్రానికి కూరైపోద్ది.

తమాషా ఏంటంటే, కార్ల పందెంలోనే ఆ మాట అబద్ధం. అమెరికాలో ఈ పందాలు నడిపే సంస్థ పేరు నాస్కార్. 2003 దాకా అందులో ఏడాది పొడుగునా జరిగే పందాల పాయింట్లు కూడి ఛాంపియన్‌ని తేల్చేవారు. 2003లో మాట్ కెన్సెత్ గెలిచింది ఒకే ఒక్క పందెం. ఛాంపియన్ ఆయనే! మిగతా వారాల్లో గెలవకపోయినా ముందు వరసల్లోనే ఉంటూ, చీమలా పాయింట్లు పోగేశాడు. ఆ మరుసటి ఏడాది లెక్కల పద్ధతే మార్చేశారనుకోండి. ఆ తర్వాత రెండేళ్ళకే వచ్చిన ఈ సినిమాని అక్కడి పందెం అభిమాని చూస్తే, రీస్ మాట ఎంత బోలుదో అతనికి వేరే చెప్పాలా? ఇంకోటి గమనించారా, రికీ జీవితంలో మొదటి పందెంలో వచ్చింది మూడో స్థానం. ఎవడో డ్రైవరు మధ్యలో తిండికని దిగిపోతే, జాకీ వేసే కుర్రాడు ఎక్కి తోలితే వచ్చిన మూడో స్థానం. ఆ రోజు అతన్ని లాస్టు అని ఎవరూ అనలేదు.

ఇప్పుడు గాలి సంగతి. నా ఉద్దేశంలో ఈ సినిమా తాళంచెవి ఇక్కడుంది, మాట్లాడేవాళ్ళు ఎవరూ దీని జోలికి పోరు. టల్లడేగా అనేది అలబామాలో 1969లో తెరిచిన ట్రాకు. ఒక చుట్టు 2.66 మైళ్ళు, మన లెక్కలో నాలుగుంపావు కిలోమీటర్లు దాటి. 1987లో బిల్ ఇలియట్ అక్కడ అర్హత పరుగులో గంటకి 212.809 మైళ్ళ వేగం అందుకున్నాడు, అంటే 342 కిలోమీటర్లు. ఆ పోటీలోనే బాబీ ఆలిసన్ కారు టైరు పగిలి, గాల్లోకి లేచి, జనం ముందున్న కంచెని చీల్చేసింది. ఇక లాభం లేదని మరుసటి ఏడాది నుంచి అలాంటి పెద్ద ట్రాకుల్లో ఇంజనుకి గాలి తక్కువ అందేలా చిల్లుల పలక బిగించడం మొదలుపెట్టారు. దాంతో అందరి ఇంజన్లూ ఇంచుమించు ఒకే బలానికి దిగాయి. ఒంటరిగా ఎవడూ దూసుకుపోలేడు.

మరి గెలిచేదెలా? ముందు కారు గాలిని చీల్చుకుంటూ పోతుంటే దాని వెనక గాలి పల్చబడి, ఆ పల్చదనమే కారుని వెనక్కి పీకుతూ ఉంటుంది. రెండో కారు దాని తోకకి అంటుకుని వెళ్తే రెండోవాడికి ఎదురుగాలి తగ్గుతుంది. లారీ చాటున మోటార్‌సైకిల్ తోలినవాళ్ళకి ఇది తెలుసు (తోలకండి, బ్రేకు వేస్తే అంతే సంగతులు). చాలామందికి తెలియనిది ఏంటంటే, వెనకవాడు ఆ ఖాళీని పూడ్చడంవల్ల ముందువాడిక్కూడా లాగుడు తగ్గుతుంది. అందుకే అంటుకుని పోయే రెండు కార్లు, ఒంటరి కారు కంటే వేగంగా పోతాయి. దీన్ని డ్రాఫ్టింగ్ అంటారు. ఆ ఊపు వాడుకుని చివర్లో ఒకణ్ణి ముందుకి విసరడం స్లింగ్‌షాట్, మన వడిసెల లాంటిది.

సినిమాలో రికీ, అతని ప్రాణస్నేహితుడూ జట్టు డ్రైవరూ అయిన కాల్ ప్రతిసారీ ఆడేది ఇదే ఆట. వడిసెల కాల్, రాయి రికీ. ఒక్కసారి నేను ముందు పోనా అని కాల్ అడిగితే రికీకి ఆ ప్రశ్నే బుర్రకెక్కదు. ఇద్దరు కలిస్తేనే వేగం అని ట్రాకు మీద గాలి ప్రతి చుట్టులోనూ చెబుతుంటే, అదే గాలిలో కూర్చుని ‘నేనొక్కణ్ణే’ అనుకునేవాడి కథ ఇది.

ఇక్కడ నా సొంత గొడవ కొంచెం చెప్పుకోవాలి. మా నాన్న కొబ్బరికాయల లారీ తోలేవారు. అంబాజీపేటలో లోడెత్తితే నాగపూరుదాకా. ఆయన దగ్గర పదకొండేళ్ళు ఒకే క్లీనరు, మేం బాబాయ్ అని పిలిచేవాళ్ళం. జాకీ వెయ్యడం, స్టెప్నీ మార్చడం, పట్టా తాళ్ళు బిగించడం, రాత్రంతా కబుర్లు చెప్పి నాన్నని నిద్రపోనివ్వకపోవడం, రివర్సు కొట్టేటప్పుడు వెనక నిలబడి ‘రానీ రానీ రానీ, హోల్డాన్’ అనడం, అన్నీ ఆయనవే. స్టీరింగు మాత్రం ముట్టుకోనిచ్చేవారు కాదు. ఓసారి దారిలో నాన్నకి ఒళ్ళు తెలియని జ్వరం వస్తే బాబాయే తోలుకొచ్చాడు, లోడు టైముకి దిగింది. ఇంటికొచ్చి నాన్న, నూటమూడు జ్వరంలో తానే తోలానని వీధంతా చెప్పుకున్నారు. పక్కనే నిలబడ్డ బాబాయ్ ‘ఆయ్, ఆయన కాబట్టి తోలారండి’ అన్నాడు. అసలు సంగతి నాన్న పెద్దకర్మ రోజున బాబాయ్ నోటివెంటే విన్నాం. అదీ కోపంతో కాదు, నవ్వుతూ, చేతిలో ఆకు కడుక్కునే చెంబు పట్టుకుని. ఇప్పుడాయనకి రెండు లారీలు.

అందుకేనేమో, కాల్ పాత్రని తెర మీద చూసినప్పుడు నాకు ఆ వేషం వేసిన జాన్ సి. రైలీ కనపడలేదు. రికీ ప్రమాదంలో దెబ్బతిని పందాలకి దూరమయ్యాక అతని భార్య కార్లీ కాల్‌ని చేసుకుంటుంది, కాల్ ఆ ఇంట్లోకే మారిపోతాడు. మా క్లబ్బులో సగంమంది ‘వెన్నుపోటు’ అన్నారు. నేను మొదట ఆ ఘట్టాల్లో కాల్ మాటలు వెటకారంగా రాశాను. కుదరలేదు. కొంచెం కక్షగా రాశాను. అదీ కుదరలేదు. అమాయకంగా, ‘మనం మనం ఎప్పట్లాగే కదా’ అన్నట్టు రాసేసరికి పెదాలకి అతికింది. స్నేహితుడి పెళ్ళాం, ఇల్లు, మొదటి స్థానం అన్నీ వచ్చిపడినా, వెనకసీటు అలవాటు పోని మనిషి అతను. రికీ కూడా జాకీ కుర్రాడిగా మొదలైనవాడేనని మర్చిపోకండి. డ్రైవరయ్యాక క్లీనర్లని మర్చిపోయిన క్లీనరు.

ప్రకటనల గొడవ చాలామంది రాశారు కాబట్టి రెండు ముక్కల్లో చెబుతాను. రికీ కారు అద్దానికి అడ్డంగా బిస్కట్ల కంపెనీ స్టిక్కరు అంటిస్తారు. దారి కనపడదు, ప్రమాదం, అయినా ఆ బిస్కట్లు నాకిష్టం అంటాడు. భోజనం ముందు ప్రార్థనలో కూడా ఒప్పందం ప్రకారం కూల్‌డ్రింకు పేరు చదవాలి. మన ఊళ్ళో అన్నదానం ఫ్లెక్సీ చూసినవాళ్ళకి ఇందులో వింతేముంది, దేవుడు తపాలాబిళ్ళంత, దాతలు నిలువెత్తు. నాకు అన్నిటికంటే గుచ్చుకున్నది రికీ, కాల్ ఇద్దరి నినాదం, ‘షేక్ అండ్ బేక్’. అది అమెరికా వంటిళ్ళలో కోడిముక్కలకి పట్టించే ఒక మసాలా పొట్లం పేరు. అంటే ప్రాణస్నేహితులు సంతోషంతో అరుచుకునే అరుపు కూడా దుకాణం సరుకే. తెలుగులో దీనికి నేను పడ్డ పాట్లు చెప్పలేను. ‘దంచెయ్, వేపెయ్’ అని సరిపెట్టాను. అరవడానికి బాగానే ఉంది, పొట్లం మాత్రం పోయింది. మీరు అడగలేదనుకోండి, అయినా ఒకటి ఒప్పుకోవాలి: ఈ సినిమా కూడా ఆ కంపెనీల బొమ్మలు వాడుకుని, నాస్కార్ సహకారంతోనే తయారైంది. తిట్టిన విస్తట్లోనే భోంచేసింది.

ఆ ప్రార్థన గురించి ఇంకొంచెం. రికీ ఎప్పుడూ పసిపిల్లాడైన యేసునే, బరువు కొలతతో సహా చెప్పి ప్రార్థిస్తాడు. ఆయన పెరిగి పెద్దవాడయ్యాడు కదా అని ఇంట్లోవాళ్ళంటే, నాకు క్రిస్మస్ నాటి పాపాయే ఇష్టం అంటాడు. అమెరికా ప్రేక్షకుడికి ఇది పగలబడి నవ్వే జోకు. మనకి? అన్నమయ్య ‘జో అచ్యుతానంద’ అని దేవుణ్ణి ఉయ్యాల్లో ఊపిన భాష మనది. దేవుడు పసివాడైతే తప్పేంటని మా క్లబ్బులో ఒక పెద్దావిడ నిజంగానే అడిగారు. నరసాపురం నుంచి వచ్చే ఇంకొకాయన మాత్రం ‘మా ఇంట్లో ప్రార్థన అయ్యేసరికి పులుసు గడ్డకట్టుద్దండి’ అని అందరికంటే గట్టిగా నవ్వారు. ఆ పెద్దావిడ ప్రశ్నవల్లే నాకు తేడా తట్టింది. లాలిపాట పాడే తల్లి దేవుడికి తానే ఏదో చేస్తుంది, స్నానం పోస్తుంది, నిద్రపుచ్చుతుంది. రికీ పాపాయి దేవుడికి ఏమీ చెయ్యడు, బహుమతి డబ్బు లెక్క చదివి థాంక్స్ చెబుతాడంతే. పాపాయి ఎదురు ప్రశ్న వెయ్యడు కదా! ఎదగని మనిషికి ఎదగని దేవుడు కావాలి.

ఫ్రెంచి డ్రైవరు జాన్ జిరార్ దగ్గర జాగ్రత్తగా మాట్లాడాలి. అతనికి భర్త ఉన్నాడు, కాఫీ తాగుతూ, పుస్తకం చదువుతూ కారు తోలతాడు, రికీ కంటే బాగా తోలతాడు. అతన్ని చూస్తే రికీకి ఎందుకంత ఒణుకు? ఈ ఆట తన గురించి తాను చెప్పుకునే కథ వేరు. 1948లో నాస్కార్ పుట్టకముందు నుంచీ, అమెరికా దక్షిణాది కొండల్లో దొంగసారా కాచి, పోలీసులకి దొరక్కుండా కార్లకి బలం పెంచుకుని రాత్రుళ్ళు తోలినవాళ్ళ వారసత్వం మాది అని దాని గొప్ప. అది ఉత్త గొప్పా కాదు, జూనియర్ జాన్సన్ అనే మహా డ్రైవరు 1956లో తండ్రి సారాబట్టీ దగ్గర దొరికి జైలుకెళ్ళినవాడే. మన లంకల్లో సారా కాచినవాళ్ళు పడవల్ని నమ్ముకున్నారు, వాళ్ళు కార్లని నమ్ముకున్నారు, అంతే తేడా. అలాంటి మగతనపు కథలోకి ఒక ఫ్రెంచివాడొచ్చి మర్యాదగా గెలిచేస్తుంటే ఆ కథకే కాళ్ళు విరుగుతాయి. రికీకి నిజంగానే కాళ్ళు పడిపోయాయనిపించడం, డాక్టర్లు ఏమీ లేదన్నా నమ్మక సొంత తొడలో కత్తి దింపుకోవడం అందుకే. నవ్వొచ్చే దృశ్యమే, కానీ గెలుపు తీసేస్తే లోపల నిలబడటానికి ఏమీ మిగల్లేదని ఆ ఒళ్ళు చెబుతోంది.

ఇక్కడే నా అభ్యంతరం కూడా. జోకు రికీ భయం మీద అని రాసినవాళ్ళ ఉద్దేశం, నేనొప్పుకుంటాను. కానీ మేం రాజమండ్రిలో వేసినప్పుడు జిరార్ భర్త కనపడగానే వచ్చిన నవ్వు ఆ నవ్వు కాదు. మన సినిమాల్లో ‘ఆడంగి’ పాత్రలకి నవ్వి నవ్వి అలవాటైన నవ్వు. సినిమా ఆ రెండు నవ్వుల్నీ కావాలనే కలిపి అమ్ముకుంది. అంతా అమాయకత్వమేనని నేననను.

దక్షిణాది జనాన్ని ఎగతాళి చేసిన సినిమా అని కొందరంటారు, బుష్ కాలపు అమెరికా మీద వ్యంగ్యమని ఇంకొందరు. రెండోది కొంత నిజం. మొదటిదానికి గోదావరివాడిగా నా జవాబు, ఎగతాళికీ వెటకారానికీ తేడా ఉందండి. ఎగతాళి బయటివాడు చేసేది. వెటకారం చేసినవాడు సాయంత్రం వాళ్ళింట్లోనే ‘ఏం కూర?’ అని పీటేసుక్కూచుంటాడు. ఈ సినిమా ఆ కుటుంబాన్ని ఎక్కడా వదిలిపెట్టి పోదు. ఉండలేక హోటల్లో గొడవపెట్టుకుని గెంటించుకునే తండ్రిని కూడా చివర్లో, సరే మనమంతా కలిసే గెంటించుకుందాం పదండి అని వెంటబెట్టుకుపోతుంది.

చివరి పందెం మళ్ళీ చూడండి. రికీ, జిరార్ కార్లు రెండూ నుజ్జయిపోతాయి. ఇద్దరూ దిగి కాళ్ళతో పరిగెడతారు, రికీ గీత మీదికి దూకి ముందు తాకుతాడు. కానీ కారు దిగినందుకు ఇద్దరూ అనర్హులు. గెలుపు వెనకాల వస్తున్న కాల్‌కి పోతుంది. మొదటిసారి చూసినప్పుడు ఇది నాకు ఉత్త తిక్క మలుపులా అనిపించింది. గాలి సంగతి తెలిశాక అలా అనిపించదు. సినిమా మొదటినుంచీ ఆ ఒక్కడికి బాకీ ఉంది.

మీకు తీరికుంటే రెండోసారి చూసేటప్పుడు రికీని వదిలేసి, ఫ్రేములో ఓ పక్కన ఉన్న కాల్ మొహాన్నే చూడండి. భోజనాల బల్ల దగ్గర, గెలుపు వేదికల మీద, ముఖ్యంగా రికీ మాట్లాడుతున్నప్పుడు.

ఇక ఇంట్లోవాళ్ళ సంగతి. వద్దండి. పిల్లలిద్దరూ తాతగారితో మాట్లాడే తీరుకే మీ అమ్మగారు టీవీ కట్టేస్తారు. నేను ఓసారి తెలియక, కొత్తల్లుడు వచ్చినప్పుడు ‘కార్ల పందెం సినిమా, సరదాగా ఉంటుంది’ అని పెట్టాను. పదో నిమిషానికి మా ఆవిడ పూతరేకుల పళ్ళెం తెచ్చి సరిగ్గా టీవీకి అడ్డంగా నిలబడింది. సినిమా ఆపేదాకా కదల్లేదు.